రంగం బియ్యం రాని ఏడు

గోధుమరవ్వ అన్నం గురించి ఆమధ్య రాశాను కదండీ, దానికి వచ్చిన ఉత్తరాల్లో ఒకటి నన్ను ఆపేసింది. రాసినావిడ కోడలు. అత్తగారికి తొంభై దాటాయట. డాక్టరు చెప్పాడు కదా అని గోధుమరవ్వ వండి కంచంలో పెడితే పెద్దావిడ కంచం పక్కకి జరిపేసి, "ఈ కంట్రోలు తిండి నాకు పెట్టకే" అన్నారట. "రవ్వ మంచిదే, నేను చేసిందీ బాగానే కుదిరింది. మరి ఆవిడకి అంత కోపం ఎందుకొచ్చిందో మీకేమైనా తెలుసా?" అని అడిగారు కోడలుగారు.

తెలుసండీ. కొంత మా అమ్మమ్మ చెప్పగా విన్నాను, కొంత చదువుకున్నాను. మాగాయ సంగతి వచ్చే వారానికి వాయిదా వేసి, ఈ వారం ఆ పెద్దావిడ తరఫున మాట్లాడతాను.

అసలు "కంట్రోలు" అన్న మాటే తీసుకోండి. మన ఊళ్ళలో చౌకధరల దుకాణాన్ని ఇప్పటికీ కంట్రోలు కొట్టు అనేవాళ్ళున్నారు. కంట్రోలు బియ్యం, కంట్రోలు కిరసనాయిలు, కంట్రోలు చీర అన్న మాటలు వినని ఇల్లుంటుందా? ఈ మాట మన వంటింట్లోకి వచ్చింది రెండో ప్రపంచ యుద్ధంలో. యుద్ధం ఎక్కడో ఐరోపాలో జరిగిందని బళ్ళో చదువుకున్నాం. కానీ మన కాకినాడ, విశాఖపట్నం మీద కూడా బాంబులు పడ్డాయి. దానికంటే ముందే మన పొయ్యి మీద దెబ్బ పడింది.

అదెలాగంటే, మన కోస్తావాళ్ళకి అప్పట్లో రంగం అంటే పుట్టింటికి పక్క వీధి. రంగం అంటే రంగూను, బర్మాకి అప్పటి రాజధాని. శ్రీకాకుళం, విశాఖ, గోదావరి జిల్లాల్లో పొలం లేనివాళ్ళు, అప్పులైనవాళ్ళు, ఇంట్లో దెబ్బలాడినవాళ్ళు అందరూ ఓడెక్కి రంగం పోయేవారు. రేవులో మూటలు మోసేవాళ్ళు, బియ్యం మిల్లుల్లో పనిచేసేవాళ్ళు, రిక్షా లాగేవాళ్ళు అక్కడ చాలామంది మనవాళ్ళే. కాకినాడ దగ్గర కోరంగి రేవు ఉంది చూడండి, ఆ పేరుతోనే బర్మాలో మన తెలుగువాళ్ళని కోరంగీలు అనేవారు. 1931 జనాభా లెక్కల్లో రంగూను ఊళ్ళో సగానికి పైగా మన దేశంవాళ్ళే ఉన్నారంటే చూడండి. మనుషులు అటు వెళితే, అక్కడినుంచి బియ్యం ఇటు వచ్చేవి. ఏటా పది లక్షల టన్నులకు పైమాటే. దీపంలోకి కిరసనాయిలు కూడా చాలావరకు అక్కడి బావులదే. మన ఇంటి అన్నం, దీపం, మగవాళ్ళు పంపే మనియార్డరు మూడూ ఒకే సముద్రం మీదుగా వచ్చేవన్నమాట.

1941 డిసెంబరులో జపాను యుద్ధంలోకి దిగింది. ఆ నెలాఖరులోపే రంగూను మీద బాంబులు వేసింది. 1942 ఫిబ్రవరి 15న సింగపూరు పోయింది. మార్చి 8న రంగూను పోయింది. అదే నెలలో అండమాను దీవుల్లో జపాను సైన్యం దిగింది. ఇంగ్లీషువాళ్ళు వెళ్ళిపోతూ నూనె బావుల్ని, శుద్ధిచేసే కర్మాగారాన్ని తామే తగలబెట్టి పోయారు, శత్రువుకి దక్కకూడదని. రెండు మూడు నెలల్లో బియ్యం ఓడ, కిరసనాయిలు ఓడ రెండూ ఆగిపోయాయి.

ఇక ఏప్రిల్ 6. సోమవారం. చిత్రభాను నామ సంవత్సర ఉగాది వెళ్ళి మూడు వారాలు కూడా నిండలేదు. ఇళ్ళలో కొత్త చింతపండు, కొత్త మిరపకాయలు ఎండబెట్టుకునే రోజులు. అంతకు ముందురోజే జపాను విమానాలు కొలంబో మీద పడ్డాయి. ఆ సోమవారం నాడు ర్యూజో అనే విమానవాహక నౌక నుంచి లేచిన విమానాలు విశాఖపట్నం రేవు మీద, కాకినాడ దగ్గర నిలిచి ఉన్న ఓడల మీద బాంబులు వేశాయి. బంగాళాఖాతంలో ఆ రెండు మూడు రోజుల్లో ఇరవై దాకా వర్తక ఓడలు మునిగిపోయాయి. విశాఖలో ప్రాణనష్టం కొద్దిపాటిదే, ఆస్తినష్టమూ పెద్దదేం కాదు. కానీ భయం ఉంది చూశారూ, దానికి లెక్కలేదు.

మా అమ్మమ్మది కాకినాడకి ఆమడ దూరంలో ఒక పల్లె. అప్పటికి పదహారేళ్ళు, కాపురానికొచ్చి ఏడాది. ఆవిడ బాంబు శబ్దం విన్నానని ఎప్పుడూ అనలేదు. రోడ్డు మీద బళ్ళు చూశానని మాత్రం చెప్పేది. కాకినాడనుంచి లోపలి ఊళ్ళకి వరసగా ఎడ్లబళ్ళు. బళ్ళలో ఏమున్నాయో చెప్పేటప్పుడు ఆవిడ ముఖంలో నవ్వు వచ్చేది. ఇత్తడి గుండిగలు, రోకలి, ఊరగాయ జాడీలు, పిల్లి, దేవుడి పీట. "నగల మూట ఎక్కడైనా దాస్తారే, జాడీ ఎక్కడ దాస్తారు? ఒళ్ళో పెట్టుకుని కూచున్నారు" అనేది. వీళ్ళింటికి కూడా దూరపు చుట్టాలు పదకొండు మంది వచ్చి దిగారట. రెండు నెలలున్నారు. బాంబు జపానువాడిదే అనుకోండి, పదకొండుమందికి వండి వార్చింది మాత్రం పదహారేళ్ళ కోడలు.

విశాఖ సగం ఖాళీ అయింది. ఆంధ్ర విశ్వవిద్యాలయం గుంటూరుకి తరలిపోయింది, ఆ భవనాల్లో మిలటరీ దిగింది. మద్రాసులోనైతే పని లేనివాళ్ళు ఊరు విడిచి పొమ్మని ప్రభుత్వమే చెప్పింది. జనం రైళ్ళకి ఎగబడ్డారు. బాంబు పడితే జంతువులు వీధుల్లోకి వస్తాయని మద్రాసు జంతుప్రదర్శనశాలలో పులుల్ని, సింహాల్ని కాల్చి చంపేశారు. ఈ సంగతి చదివినప్పుడల్లా నాకు కడుపులో దేవినట్టవుతుంది. మద్రాసు మీద జపాను విమానం వచ్చింది నిజమే, అయితే అది మరుసటేడు అక్టోబరులో. ఒకే ఒక్క విమానం.

రేవు పట్నాల్లో రాత్రిపూట బ్లాకవుట్. దీపం వెలుతురు వీధిలోకి కనిపించకూడదు. కిటికీలకి నల్లకాగితాలు, వీధిదీపాలకి మూతలు, కార్ల దీపాలకి సగం నల్లరంగు. ఏ.ఆర్.పి. వాళ్ళు వీధులు తిరిగి వెలుగు కనిపించిన ఇంటి తలుపు తట్టేవారు. మనలాంటివాళ్ళకి దీని అర్థం ఏమిటంటే, పొద్దు గూకకముందే వంట అయిపోవాలి. కట్టెల పొయ్యి మంటకి మూత ఎక్కడ వేస్తాం?

బియ్యం సంగతికి వద్దాం. గోదావరి, కృష్ణా డెల్టాల్లో పండే వరి మన కళ్ళెదుట ఉండగా బర్మా బియ్యం రాకపోతే మనకేం లోటు అని మీరనుకోవచ్చు. నేనూ అలాగే అనుకున్నాను. కానీ రంగం బియ్యం మీద బతికేవి మలబారు, తిరువాన్కూరు, మద్రాసు, బెంగాలు. అవన్నీ ఒక్కసారిగా మన డెల్టా వైపు తిరిగాయి. మిగులు జిల్లాల ధాన్యం సర్కారు సేకరించి లోటు జిల్లాలకి పంపడం మొదలెట్టింది. పర్మిట్ లేకుండా ధాన్యం ఊరు దాటడానికి వీల్లేదు. పండించినవాడి గాదెకే లెక్క వచ్చింది. సైన్యానికి కొనుగోళ్ళు, దాచిపెట్టి అమ్మే వ్యాపారులు, కొత్తగా ముద్రించిన నోట్లు అన్నీ కలిసి ధరలు పైకెళ్ళాయి. నల్లబజారు అన్న మాట కూడా అప్పుడే మన నోళ్ళలో నానింది.

బెంగాలులో ఇంకా ఘోరం. జపానువాడు వస్తే వాడుకుంటాడని సర్కారే తీరంలోని పడవల్ని లాక్కుంది, ధాన్యాన్ని తరలించింది. 1942 అక్టోబరులో మేదినీపూరు మీద పెద్ద తుపాను. 1943లో కరువు. ఆకలితో, ఆ వెంట వచ్చిన రోగాలతో ముప్ఫై లక్షలమంది దాకా పోయారని అంచనా. దీన్ని నేను రెండు వాక్యాల్లో దాటేస్తున్నాను, ఎందుకంటే అది ఈ పేజీలో పట్టే సంగతి కాదు. కానీ మన ఇళ్ళలో కంట్రోలు పెట్టారంటే, దాని వెనక ఆ భయం ఉంది.

మద్రాసు నగరంలో 1943 సెప్టెంబరులో రేషను మొదలైంది. తర్వాత మిగతా పట్నాలకి వచ్చింది. ఆ ఏడు ఢిల్లీలో కూచున్న ఆహారధాన్యాల కమిటీ పెద్దమనిషికి రోజుకి ఒక పౌను ధాన్యం ఇవ్వాలంది. అంటే సుమారు 450 గ్రాములు. 1946లో దాన్ని పన్నెండు ఔన్సులకి తగ్గించారు. అంటే 340 గ్రాములు. మీ రైస్ కుక్కరుతో వచ్చిన కప్పు 150 గ్రాములు పడుతుంది కదా, అలాంటివి రెండుంపావు. "అమ్మో, మేం అంత తినమండీ" అంటారని తెలుసు. మనకి పొద్దున్న ఇడ్లీ, మధ్యాహ్నం రెండు కూరలు, సాయంత్రం టీ బిస్కెట్లు ఉన్నాయి. ఆరోజుల్లో పొద్దున్న చద్దన్నం, మధ్యాహ్నం అన్నం, రాత్రి అన్నం. పప్పు పలచన, కూర వేలెడు. పొలం దున్నినవాడికైనా, దంపుళ్ళు దంచిన ఆడదానికైనా కడుపు నింపేది అన్నమే. అందులో కోత పడింది.

ఆ పన్నెండు ఔన్సులూ బియ్యమే ఇస్తారా అంటే అదీ లేదు. కొంత బియ్యం, కొంత గోధుమలు, కొన్నిచోట్ల జొన్నలు. ఇదిగో, ఇక్కడ వస్తుంది ఆ అత్తగారి కోపం! కోస్తా ఆడవాళ్ళకి గోధుమలు ఏం చేసుకోవాలో తెలియదు. ఏ పండక్కో హల్వాకో, బొబ్బట్లకో తప్ప ఇంట్లోకి వచ్చే గింజ కాదది. చపాతీ అన్న పేరు విన్నవాళ్ళే తక్కువ. ఒత్తడానికి పీటా లేదు, కాల్చడానికి సరైన పెనమూ లేదు. ఆ వచ్చే గోధుమలైనా మంచివా? పురుగు, మట్టిబెడ్డలు, ముక్కవాసన. మా అమ్మమ్మ చెప్పేది: "చేట పట్టుకుని కూచుంటే గోధుమలకంటే బెడ్డలే ముందు అయిపోయేవి కావు." తిరగట్లో వేసి విసిరి, పెద్ద రవ్వని అన్నంలా వండేవారు. జిగటగా ముద్దయ్యేది. పిల్లలు తినేవారు కాదు. పెద్దలకి అరిగేది కాదు. మగవాళ్ళు కంచం ముందు కూచుని ఇల్లాలిని కసిరేవారు. గోధుమలు పంపింది ఢిల్లీ, తిట్లు తిన్నది మనం.

మరి కొలత సంగతి? మన వంటింటి లెక్క గిద్ద, సోల, తవ్వ, మానిక. రెండు సోలలు తవ్వ, రెండు తవ్వలు మానిక. అది చెయ్యి ఎరిగిన లెక్క. కంట్రోలు కొట్లో పౌన్లు, ఔన్సులు. కార్డు మీద ఎంత రాశారో, తక్కెట్లో ఎంత పడిందో ఇంటికొచ్చి సోలతో కొలిస్తేగాని తెలిసేది కాదు. కొలిచాక తగ్గిందని తెలిసినా ఎవరితో చెప్పుకోవాలి?

చుట్టాలు వస్తే గుండె గుభేలుమనేది. అతిథి వస్తే మురిసిపోయే మన ఇళ్ళలో, పైఊరినుంచి వచ్చేవాళ్ళు తమ బియ్యం తామే మూట కట్టి తెచ్చుకోవడం అప్పుడే మొదలైంది. పుట్టింటికి వెళ్ళే ఆడపిల్ల బియ్యం పట్టుకెళ్ళడం ఎంత తలవంపో ఆలోచించండి. మా అమ్మమ్మ పురిటికి వెళుతూ పట్టుకెళ్ళింది. వాళ్ళమ్మ ఆ మూట చూసి ఏడ్చిందట.

కిరసనాయిలు లేదు కాబట్టి లాంతర్లు మూలన పడ్డాయి. మళ్ళీ ఆముదం ప్రమిదలు వచ్చాయి. ఆ ఆముదం కూడా తలకి రాసుకోవాలా, దీపంలో పోయాలా అని లెక్క. గుడ్డకి కటకట. నూలు సైన్యానికి పోతోంది, చేనేతవాళ్ళకి మగ్గం మీదికి పోగులు లేవు. 1943లో గుడ్డకి కూడా కంట్రోలు వచ్చింది. "స్టాండర్డు గుడ్డ" అని ముతకది ఇచ్చేవారు. చీర మధ్యకి చింపి అంచులు కలిపి కుట్టుకోవడం, రెండు పాత చీరలు కలిపి ఒకటి చేసుకోవడం అప్పటి ఇల్లాళ్ళందరికీ వచ్చిన విద్యే.

చిల్లరకీ కరువే. వెండి రూపాయిలో వెండి తగ్గించారు, రూపాయి నోటు వేశారు. రాగి ఆదా చెయ్యడానికి 1943నుంచి కాణీకి మధ్యలో పెద్ద చిల్లు పెట్టి వేశారు. 1947 దాకా అవే వచ్చాయి. మీ ఇంట్లో పాత పోపులపెట్టెలోనో, దేవుడి గూట్లోనో చిల్లుకాణీ కనిపిస్తే పారెయ్యకండి. పిల్లల మొలతాడుకి కట్టిన ఆ కాణీలోంచి పోయిన రాగి ఎక్కడో తుపాకిగుండు అయి ఉంటుంది.

ఇంతా చేసి నా మనసు ఎక్కువగా పట్టి లాగేది బియ్యం కాదండీ, రంగంనుంచి నడిచి వచ్చినవాళ్ళు. రంగూను పడిపోయేముందు ఓడల్లో చోటు డబ్బున్నవాళ్ళకి దొరికింది. మిగతావాళ్ళు నడిచారు. కొంతమంది అరకాను కొండలు దాటి చిట్టగాంగు వైపు, కొంతమంది అడవులగుండా మణిపూరు, అస్సాం వైపు. ఆ ఏడు బర్మా విడిచి వచ్చినవాళ్ళు నాలుగైదు లక్షలని అంచనా. దారిలో కలరా, మలేరియా, ఆకలి, వానలు. తక్కువ లెక్క కట్టినవాళ్ళు కూడా పోయినవాళ్ళు పదివేలకి పైనే అంటారు. తెల్లవాళ్ళకి మంచి దారి, మనవాళ్ళకి వేరే దారి పెట్టారని కాంగ్రెసు నాయకులు అప్పుడే గట్టిగా నిలదీశారు.

మా అమ్మమ్మ ఊళ్ళో ఒకావిడ భర్త రంగంలో బియ్యం మిల్లులో ఉండేవాడు. 1941 దసరాకి మనియార్డరు వచ్చింది, అదే ఆఖరు. నడిచి వచ్చినవాళ్ళు ఒకరిద్దరు ఆ ఊరు చేరారు. ఒకడు "దారిలో చూశాను" అన్నాడు, ఇంకొకడు "వాడు బయల్దేరనే లేదు" అన్నాడు. మరి ఆవిడ బొట్టు పెట్టుకోవాలా, తీసెయ్యాలా? కర్మ చెయ్యాలా, వద్దా? పెద్దవాళ్ళు తలో మాటా చెప్పారు. ఆవిడ ఎవరి మాటా వినలేదు. బొట్టు పెట్టుకునే ఉంది. పేరంటానికి పిలిచేవాళ్ళు పిలిచారు, మానేసినవాళ్ళు మానేశారు. పిలవనిచోటికి వెళ్ళలేదు, పిలిచినచోట తాంబూలం అందుకుని వచ్చేది. అలా ముప్ఫై ఏళ్ళు ఉంది. కంట్రోలు కార్డులో ఆయన పేరు రాయించబోతే "మనిషి లేడుగా" అని కొట్టేశారట. ఆ రోజు మాత్రం ఏడ్చిందని మా అమ్మమ్మ చెప్పేది.

సైన్యంలోకి వెళ్ళినవాళ్ళ ఇళ్ళూ ఉన్నాయి. తాడేపల్లిగూడెం దగ్గర మాధవరానికి మిలటరీ మాధవరం అనే పేరు ఊరికే రాలేదు. రెండు ప్రపంచ యుద్ధాలకీ ఆ ఊరు మనుషుల్ని పంపింది. తాడేపల్లిగూడెంలోనే అప్పుడు విమానాలు దిగడానికి రన్‌వే వేశారు. గన్నవరం విమానాశ్రయం కూడా ఆ యుద్ధకాలందే. విశాఖ బీచ్‌లో ఇసుకలో కూరుకుపోయిన కాంక్రీటు గది, సైనికులు లోపలినుంచి తుపాకి గురిపెట్టే పిల్‌బాక్సు, ఆ రోజులదే. విశాఖ మ్యూజియంలో ఆనాటి జపాను బాంబు చూడొచ్చు. పిల్లల్ని తీసుకెళితే ముందు అక్కడికే పరిగెడతారు. వంటింటి వైపునుంచి చూస్తే మ్యూజియంలో పెట్టాల్సినవి రేషను కార్డు, తిరగలి, చింపి కుట్టిన చీర. వాటిని ఎవరూ దాచలేదు, పాతసామాన్లవాడికి వేసేశాం.

యుద్ధం 1945లో అయిపోయింది. కంట్రోలు అవలేదు. స్వాతంత్ర్యం వచ్చాక 1947 చివర్లో ఎత్తివేశారు, ధరలు మండితే మళ్ళీ పెట్టారు. 1952 జూనులో రాజాజీ మద్రాసు రాష్ట్రంలో తీసేశారు. అంటే పదహారేళ్ళ వయసులో మొదలైన క్యూ మా అమ్మమ్మకి ఇరవయ్యారేళ్ళకి గానీ వదల్లేదు. ఈ మధ్యలో ముగ్గురు పిల్లలు. తర్వాత 1983లో రెండు రూపాయల కిలో బియ్యం వచ్చినప్పుడు అందరూ సంబరపడితే, ఆవిడ గోనెసంచిలో చెయ్యి పెట్టి గింజలు తీసి, అరచేతిలో ఆరబోసి, బెడ్డల కోసం వెతికింది.

ఇప్పుడు ఆ కోడలుగారికి నా జవాబు. గోధుమరవ్వ పెట్టడం మానక్కర్లేదమ్మా, కానీ ముద్దగా మాత్రం వండకండి. ఆ ముద్దే ఆవిడకి గుర్తొచ్చేది. ఒక కప్పు పెద్దరవ్వ తీసుకుని, చెంచాడు నేతిలో కమ్మని వాసన వచ్చేదాకా సన్నసెగ మీద వేయించండి. పక్కన రెండు కప్పుల నీళ్ళు ఉప్పు వేసి మరగనిచ్చి, అందులో రవ్వ పోసి ఒక్కసారి కలిపి మూతపెట్టండి. మళ్ళీ గరిటె పెట్టొద్దు. పది నిమిషాలకి దించి, ఇంకో పది నిమిషాలు అలాగే మూతతో వదిలేసి, అప్పుడు ఫోర్కుతో విడదీస్తే పలుకుపలుకుగా వస్తుంది. కందిపొడి, నెయ్యి వేసి పెట్టండి. లేదా కొంచెం పెసరపప్పు కలిపి పులగంలా చెయ్యండి. పేరు మాత్రం గోధుమరవ్వ అని చెప్పకండి.

ఆవిడ తిన్నాక పక్కన కూచోండి. "యుద్ధం గుర్తుందా" అని అడిగితే "మాకేం తెలుసే" అంటారు, అందరూ అంతే. "కిరసనాయిలు లేనప్పుడు దీపం దేంతో పెట్టేవారు? క్యూలో ఎవరు నిలబడేవారు? మీ వీధిలో రంగం వెళ్ళినవాళ్ళెవరు?" అని అడగండి. ఇంట్లో చిన్నపిల్ల ఉంటే నోటుబుక్కు ఇచ్చి పక్కన కూచోబెట్టండి. పేర్లు, ఊళ్ళు ఆవిడ చెప్పినవి చెప్పినట్టు రాయించండి. తొంభై దాటినవాళ్ళు కదా, వచ్చే సెలవులకి అని వాయిదా వెయ్యకండి. రాసింది నాకూ పంపితే, ఈ పేజీలో తప్పకుండా వేస్తాను.

వచ్చే వారం మాగాయ. ముక్కలు ఎండ చాలక నల్లబడుతున్నాయని రాసినవాళ్ళందరికీ అందులోనే జవాబు.